పోకెమాన్ 151: కార్డుల సెట్, కొనుగోలు వివరాలు

పోకెమాన్ 151 అనేది పోకెమాన్ ట్రేడింగ్ కార్డ్ ఆటలో ‘స్కార్లెట్ అండ్ వయొలెట్’ వరుసకు చెందిన ప్రత్యేక సెట్. జపాన్‌లో 2023 జూన్ 16న, ఇంగ్లీషులో అదే ఏడాది సెప్టెంబరు 22న విడుదలైంది. 1996లో గేమ్ బాయ్ మీద వచ్చిన తొలి పోకెమాన్ ఆటల్లోని 151 జీవులే ఇందులో ఉంటాయి. అవి కూడా పోకెడెక్స్ అనే జీవుల జాబితా వరుస తప్పకుండా వస్తాయి: 1వ నంబరు బల్బాసార్, 25 పికాచు, 151 మ్యూ. మామూలు సెట్లలో కార్డులను నిప్పు, నీరు, గడ్డి అంటూ రకాల వారీగా పేరుస్తారు. ఈ సెట్‌లో కార్డు నంబరు, జీవి నంబరు ఒకటే కావడం వల్ల ఆట రానివాళ్ళు కూడా ఆల్బమ్ నింపడానికి పూనుకున్నారు.

పోకెమాన్ కార్డులు జపాన్‌లో 1996 అక్టోబరులో మొదలయ్యాయి. 1999 జనవరిలో విజర్డ్స్ ఆఫ్ ది కోస్ట్ సంస్థ వాటిని ఇంగ్లీషులో అమెరికాకు తెచ్చింది. అప్పుడు బడి సంచుల్లో కార్డులు మోసుకెళ్ళిన పిల్లలు ఇప్పుడు జీతాలు తీసుకునే వయసువాళ్ళు. 151కి గిరాకీ తెచ్చింది ప్రధానంగా వాళ్ళే. మన దేశంలో 2003 నుంచి కార్టూన్ నెట్‌వర్క్ పుణ్యమా అని పికాచు ఇంటింటికీ తెలుసు గానీ, అసలైన కార్డులు చూసినవాళ్ళు తక్కువ. బొమ్మ తెలిసి కార్డు తెలియకపోవడమే నకిలీల వ్యాపారానికి దారి చూపింది. ఆ సంగతి కింద వస్తుంది.

సెట్‌లో ఉన్నవి

ఇంగ్లీషు సెట్‌లో మొత్తం 207 కార్డులు. 1 నుంచి 151 వరకు పోకెమాన్లు, 152 నుంచి 165 వరకు ట్రైనర్ కార్డులు. కార్డు అడుగున ఎడమ మూలలో 006/165 లాంటి అంకె ఉంటుంది. ఎడమ అంకె 165 దాటితే అది మామూలు వరుసలో లేని రహస్య కార్డు అని గుర్తు. అలాంటివి 42 ఉన్నాయి: ఒక బంగారు నక్షత్రం గల ఇలస్ట్రేషన్ రేర్లు 16, రెండు వెండి నక్షత్రాల అల్ట్రా రేర్లు 16, రెండు బంగారు నక్షత్రాల స్పెషల్ ఇలస్ట్రేషన్ రేర్లు 7, మూడు బంగారు నక్షత్రాల హైపర్ రేర్లు 3.

అందరి కళ్ళూ 199వ నంబరు చారిజార్డ్ ఎక్స్ మీదే. వీనసార్, బ్లాస్టాయిస్, అలకజామ్, జాప్‌డోస్, ఎరికా, జొవాని దాని తోటి స్పెషల్ ఇలస్ట్రేషన్ కార్డులు. మూడు బంగారు కార్డుల్లో ఒకటే మ్యూ ఎక్స్. తక్కినవి స్విచ్ అనే ఐటమ్ కార్డు, సైకిక్ ఎనర్జీ కార్డు. ప్యాకెట్‌లో పచ్చని మెరుపు చూసి ఎగిరి గంతేసిన పిల్లవాడికి ఎనర్జీ కార్డు తగలడం ఈ సెట్‌లో మామూలే.

ఆడేవాళ్ళు గుర్తుంచుకోవలసింది ఒకటుంది. ఒకే కార్డుకు నాలుగు రకాల బొమ్మలున్నా ఆటలో దాని బలం మారదు. చేతిలో మూడు కార్డులయ్యే వరకు తీసుకునే వెసులుబాటు, ఎదుటివాడి దాడిని నకలు చేసే శక్తి, ఖర్చు లేకుండా వెనక్కి తగ్గే వీలు ఉన్నందున మ్యూ ఎక్స్‌ను పోటీల్లో బాగా వాడారు. 151వ నంబరు మామూలు కార్డూ 205వ నంబరు బంగారు కార్డూ చేసే పని ఒకటే. పోటీల్లో పేరు తెచ్చుకున్న చారిజార్డ్ ఎక్స్ అయితే అసలు ఈ సెట్‌దే కాదు, అంతకు నెల ముందు వచ్చిన ‘ఆబ్సిడియన్ ఫ్లేమ్స్’ది. కాబట్టి 199వ నంబరుకు పలికే ధర పూర్తిగా బొమ్మకు, జ్ఞాపకానికి కట్టే ధర.

ఏ పెట్టె కొనాలి

మామూలు సెట్లు 36 ప్యాకెట్ల బూస్టర్ బాక్సుల్లో వస్తాయి. ఇంగ్లీషు 151కి అలాంటి బాక్సు లేదు. ‘ఇంగ్లీషు 151, 36 ప్యాకెట్ల బాక్సు’ అని ఎవరైనా అమ్మజూపితే ఇక బేరం కూడా అనవసరం.

ఉన్నవాటిలో ప్యాకెట్ లెక్కన చవకైనది 6 ప్యాకెట్ల బూస్టర్ బండిల్. అమెరికాలో దాని ప్రకటిత ధర 26.94 డాలర్లు, అంటే ప్యాకెట్‌కు 4.49. ఎలైట్ ట్రైనర్ బాక్సు 49.99 డాలర్లు. అందులో 9 ప్యాకెట్లు, స్నార్లాక్స్ ప్రోమో కార్డు, 65 స్లీవ్‌లు, ఎనర్జీ కార్డులు, పాచికలు ఉంటాయి. ఈ సామగ్రితో పనిలేనివాళ్ళకు ప్యాకెట్ 5.55 పడుతుంది. పోకెమాన్ సెంటర్‌లో మాత్రమే అమ్మిన రకంలో 11 ప్యాకెట్లు, ముద్ర వేసిన మరో స్నార్లాక్స్ ఉంటాయి. 2023 అక్టోబరులో వచ్చిన అల్ట్రా ప్రీమియం కలెక్షన్‌లో 16 ప్యాకెట్లు, మ్యూ ఎక్స్ లోహపు కార్డు, ఆట పరుపు ఉన్నాయి. ధర 119.99 డాలర్లు కాబట్టి ప్యాకెట్ ఏడున్నర దాకా పోతుంది. బైండర్ కలెక్షన్, అలకజామ్, జాప్‌డోస్ పెట్టెలు 4 ప్యాకెట్లవి, పోస్టర్ కలెక్షన్ 3, మినీ టిన్ 2.

ఇవి విడుదలనాటి ధరలు. తర్వాత పలుమార్లు మళ్ళీ ముద్రించినా, 2024 అక్టోబరులో ఫోన్లలోకి పోకెమాన్ టీసీజీ పాకెట్ వచ్చాక కార్డుల మోజు ఒక్కసారిగా పెరిగింది. 2025 నాటికి సీలు విప్పని 151 పెట్టెలు అసలు ధరకు రెట్టింపు దాటాయి. ఆ ధరకు ఎలైట్ బాక్సు కొని విప్పడం కన్నా విప్పకుండా దాచుకోవడం మేలు. విప్పి తీరాలనుకుంటే కొత్తగా వచ్చిన మరో సెట్‌ను అసలు ధరకు కొనుక్కోవచ్చు.

అదృష్టం లెక్క

ఒక్కో ప్యాకెట్‌లో 10 కార్డులు, ఒక ఎనర్జీ కార్డు, ఆన్‌లైన్ ఆటకు కోడ్ కార్డు ఉంటాయి. కనీసం మూడు కార్డులు మెరుస్తాయి. ఏ కార్డు ఎన్ని ప్యాకెట్లకు ఒకటి వస్తుందో కంపెనీ చెప్పదు. వేలాది ప్యాకెట్లు విప్పి చూసినవాళ్ళ అంచనా ప్రకారం ఇలస్ట్రేషన్ రేర్ దాదాపు 12 ప్యాకెట్లకు ఒకటి, స్పెషల్ ఇలస్ట్రేషన్ రేర్ దాదాపు 32కు ఒకటి, బంగారు కార్డు 50కి ఒకటి.

స్పెషల్ కార్డులు ఏడు కాబట్టి, చారిజార్డే కావాలంటే 32 ఇంటూ 7, అంటే సగటున 224 ప్యాకెట్లకు ఒకటి. ప్యాకెట్ 4.49 చొప్పున వెయ్యి డాలర్ల పైమాట. అన్ని ప్యాకెట్లు విప్పినా చారిజార్డ్ రాకుండా పోయే అవకాశం మూడింట ఒక వంతు కన్నా ఎక్కువే, దాదాపు 37 శాతం. తొమ్మిది ప్యాకెట్ల ఎలైట్ బాక్సులో ఏడింటిలో ఏదో ఒక స్పెషల్ కార్డు తగిలే అవకాశం నాలుగింట ఒక వంతు. ‘పది ప్యాకెట్లు ఉత్తవే పోయాయి, పదకొండోదాంట్లో గ్యారంటీ’ అనే మాట పేకాటలో ఎంత నిజమో ఇక్కడా అంతే.

ఈ సెట్‌కో ప్రత్యేకత ఉంది. బల్బాసార్, ఐవీసార్ ఇలస్ట్రేషన్ రేర్లు, వీనసార్ స్పెషల్ కార్డు మూడూ ఒకే ప్యాకెట్‌లో వచ్చే సందర్భాలున్నాయి. చార్మాండర్, స్క్విర్టిల్ కుటుంబాలకూ ఇదే వర్తిస్తుంది. సేకర్తలు వీటిని డెమీ గాడ్ ప్యాక్‌లు అంటారు. చాలా అరుదు.

విడి కార్డులు

కావలసిన కార్డు ఏదో తెలిసినవాళ్ళు దాన్నే విడిగా కొనాలి. సెట్‌లో అత్యధిక భాగం కార్డులు చిల్లర డబ్బులకే దొరుకుతాయి. పేరు చివర ఎక్స్ ఉన్న పన్నెండు కార్డులు పోగా మిగిలిన 153 కార్డులకు రివర్స్ హోలో (బొమ్మ కాక దాని చుట్టూ మెరిసే) రూపం కూడా ఉంటుంది. వాటిని కలుపుకుంటే మాస్టర్ సెట్ 360 కార్డులు, తొమ్మిది అరల బైండర్‌లో 40 పుటలు. ముందు 165 పూర్తిచేసి, ఆ తర్వాత ఇలస్ట్రేషన్ రేర్ల వైపు వెళ్ళేవాళ్ళకు డబ్బు తక్కువ పోతుంది, డూప్లికేట్ల గుట్ట పేరదు.

అమెరికాలో టీసీజీప్లేయర్, యూరప్‌లో కార్డ్‌మార్కెట్ విడి కార్డులకు పెద్ద అంగళ్ళు. ఈబేలో చూసేటప్పుడు అడుగుతున్న ధరను కాదు, అమ్ముడుపోయిన ధరను చూడాలి. అడగడానికి ఎవరైనా ఎంతైనా అడుగుతారు. నియర్ మింట్ అంటే దాదాపు కొత్తది, లైట్లీ ప్లేడ్ అంటే కాస్త వాడినది. కార్డు వెనక నీలపు అంచుల్లో తెల్లని చిట్లు, మూలల మెత్తదనం, బొమ్మ ఒక పక్కకు జరగడం చూడాలి. ఖరీదైన కార్డుకు ముందు, వెనక ఫొటోలు అడగడం తప్పు కాదు. ఇవ్వనివాడి దగ్గర కొనడమే తప్పు.

పీఎస్‌ఏ, సీజీసీ, బెకెట్ లాంటి సంస్థలు కార్డును పరీక్షించి, 10 వరకు మార్కులిచ్చి, గట్టి ప్లాస్టిక్ డబ్బాలో బిగిస్తాయి. 10కి, 9కి ధరలో చాలా తేడా. 9 వచ్చిన కొత్తకాలపు కార్డు తరచు రుసుము, తపాలా ఖర్చులను కూడా తిరిగి తేదు.

నకిలీలు

మన బొమ్మల దుకాణాల్లో, తిరునాళ్ళలో దొరికే బంగారు రేకు కార్డులు ఆడుకోవడానికి సరదాగానే ఉంటాయి గానీ అసలువి కావు. ప్యాకెట్‌లో అన్నీ మెరిసే కార్డులే ఉంటే అనుమానించాలి. అసలు ప్యాకెట్‌లో ఎక్కువ కార్డులు మెరుపు లేనివే. అసలు కార్డు రెండు కాగితపు పొరల మధ్య నల్లని పొరతో తయారవుతుంది. అంచును దగ్గరగా చూస్తే ఆ సన్నని గీత కనిపిస్తుంది. నకిలీలో వెనకవైపు నీలం పాలిపోయో, ఊదారంగుకు తిరిగో ఉంటుంది. అక్షరాలు లావుగా ఉంటాయి, పోకెమాన్ ఇంగ్లీషు పేరులో ఇ మీద ఉండాల్సిన గీత ఒక్కోసారి ఉండదు. అనుమానం వచ్చినప్పుడు అదే సెట్‌లోని చవకైన అసలు కార్డును పక్కన పెట్టి చూడటం ఉత్తమం.

విప్పి మళ్ళీ అతికించిన ప్యాకెట్లు మరో బెడద. పై, కింది అతుకుల గీతలు సమంగా లేకపోయినా, జిగురు కనిపించినా, పెట్టె మీది ప్లాస్టిక్ వదులుగా ఉన్నా వెనక్కి ఇచ్చేయాలి. విడి ప్యాకెట్ల కన్నా సీలున్న పెట్టె భద్రం. విదేశం నుంచి తెప్పించుకునేవాళ్ళు కస్టమ్స్ సుంకాన్ని ముందే ధరలో కలుపుకోవాలి. అమెరికా నుంచి వచ్చే బంధువుల సామానులో తెప్పించుకునేవాళ్ళకు బండిల్ అనువైనది, పెద్దపెట్టెలో సగం గాలే.

జపాన్ ముద్రణ

జపాన్ సెట్ గుర్తు ఎస్‌వి2ఏ. ప్యాకెట్‌లో 7 కార్డులు, బాక్సులో 20 ప్యాకెట్లు; విడుదలనాటి ధర ప్యాకెట్‌కు 290 యెన్లు. ముద్రణ నాణ్యతలో జపాన్‌వే మెరుగని సేకర్తల్లో గట్టి నమ్మకం ఉంది. ఇంగ్లీషులో లేని ఆకర్షణ ఇందులో ఒకటుంది: మెరుపులో పోకె బాల్, మాస్టర్ బాల్ ఆకారాలు అచ్చయిన రివర్స్ కార్డులు. మాస్టర్ బాల్ కార్డు సాధారణంగా బాక్సుకు ఒకటే వస్తుంది. పికాచు లాంటి వాటి మాస్టర్ బాల్ రూపాలకు గిరాకీ చాలా ఎక్కువ. ఈ రకాలు 150 పైచిలుకు ఉన్నాయి. పెట్టెలు విప్పుతూ ఆ వరుస పూర్తిచేయాలంటే, వచ్చిన కార్డు ఒక్కటీ రెండోసారి రాకపోయినా 150కి పైగా పెట్టెలు కావాలి.