పేరు ముందు తెలంగాణ

పోయిన శుక్రవారం మా సోహార్ క్యాంపులో టీవీల 'ఒక్కడు' వస్తుంటే పదిమందిమి కూసొని చూసినం. ప్రకాశ్ రాజ్ తల్లి తెర మీదికి రాంగనే గదంతా నవ్వులు. కొత్తగ వచ్చిన నిజామాబాద్ పిల్లగాడు, "అన్నా, ఈమె మన దిక్కామేనా?" అని అడిగిండు. అవుననాలె, కాదనాలె కూడా. ఈ వారం ఎపిసోడ్ ఆ ముచ్చటే.

తెలంగాణ శకుంతల పుట్టింది 1951లో, మహారాష్ట్రలో. ఇంటి భాష మరాఠీ. ఇందులో మరీ వింత లేదు. పాత హైదరాబాదు రాజ్యంలో 1956 దాకా తెలుగు, మరాఠీ, కన్నడ జిల్లాలు కలిసే ఉండేవి. మన తాతలకు మూడు భాషల ముక్కలు వచ్చుడు అప్పుడు మామూలే.

ఆమె నాటకాల నుంచి సినిమాకు వచ్చింది. మొదటి సినిమా 'మాభూమి'. కిషన్ చందర్ ఉర్దూ నవల ఆధారంగా బి. నర్సింగరావు నిర్మించిండు, బెంగాలీ అయిన గౌతమ్ ఘోష్ డైరెక్షన్ చేసిండు. 1980లో విడుదలైంది. దొర, గడి, వెట్టి, సాయుధ పోరాటం – ఊర్లల్ల ముసలోళ్ళు చెప్పుకునే కథలు మన మాటల్లోనే తెర మీదికి వచ్చినయి.

ఆ తర్వాత ఆమెకు దొరికినవి చాలామట్టుకు గయ్యాళి, రౌడీ, ముఠా తల్లి వేషాలే. 2001లో తేజ తీసిన 'నువ్వు నేను' జనానికి బాగా దగ్గర చేసింది. 2003 సంక్రాంతికి గుణశేఖర్ 'ఒక్కడు'లో కర్నూలు ముఠా నాయకుని తల్లి. అదే పండగకు తమిళంలో విక్రమ్ 'ధూల్' వచ్చింది. అందులో విలన్ స్వర్ణక్క ఈమెనే. చూడుండ్రి: మరాఠీ ఇంట్ల పుట్టింది, పేరు ముందు తెలంగాణ, మాట్లాడింది సీమ యాస, భయపెట్టింది తమిళోళ్ళను!

ఒక మాట నిజంగ చెప్పుకోవాలె. ఆ రోజుల్లో సినిమాల మన యాస ఎక్కువగా రౌడీకో, నవ్వించేటోనికో ఇచ్చేది. హీరో నోట్లె ఉండకపోయేది. నేను ఇరవై ఏండ్ల కింద మస్కట్‌లో దిగినప్పుడు, నేను "గట్లనే" అంటే చాలు పక్క బెడ్ల వాళ్ళు సినిమా డైలాగు లెక్క మళ్ళీ అని నవ్వేటోళ్ళు. సిగ్గయ్యి మాట మార్చుకున్న. ఇంటికి ఫోన్ చేస్తే, "ఎవరు బిడ్డా?" అన్నది మా అమ్మ. ఆ మాట ఇప్పటికీ గుచ్చుతది.

మరి శకుంతల? ఆమెకు పుట్టుకతో రాని యాస, పని చేసుకుంట నేర్చుకున్నది. మనం సైట్ మీద హిందీ, అరబ్బీ నేర్చుకున్నట్టే. నేర్చుకున్న మాటను దాచిపెట్టలేదు, పేరు ముందే పెట్టుకున్నది. మ్యాపులో తెలంగాణ అనే రాష్ట్రం లేని కాలంలో, సినిమా టైటిళ్ళలో ఆ మాట ఆమె పేరుతోపాటు పడేది. నాకు పుట్టుకతో వచ్చిన మాట నేను దాచుకుంటే, ఆమె నేర్చుకొని మోసింది.

2014 జూన్ 2న తెలంగాణ రాష్ట్రం వచ్చింది. జూన్ 14న హైదరాబాద్ కొంపల్లిలో గుండెపోటుతో శకుంతల పోయింది. పేరులో మోసిన రాష్ట్రంలో ఆమె బతికింది పన్నెండు రోజులే.

ఆ పిల్లగానికి ఇదే చెప్పిన. కాసేపు ఊకుండి, "అయితే మన దిక్కామెనే అన్నా" అన్నడు. ఇప్పుడు పొద్దున టూల్‌బాక్స్ మీటింగులో మా తెలుగోళ్ళకు నేను నా యాసలోనే చెప్తున్న. అందరికీ సమజైతనే ఉన్నది.

మీ క్యాంపుల మీ మాటను చూసి ఎవరన్న నవ్విండ్రా? వాయిస్ మెసేజ్ పంపుండ్రి. వచ్చే వారం విందాం.