డియాన్ బోర్షే లీమ్

డియాన్ బోర్షే లీమ్ (జననం: 1957) కొరియాలో పుట్టిన అమెరికన్ డాక్యుమెంటరీ చిత్ర దర్శకురాలు, నిర్మాత. ఒక దేశంలో పుట్టి, దత్తత వలన మరొక దేశంలో పెరిగినవారు ఏ కుటుంబానికి, ఏ సంస్కృతికి చెందుతారన్న ప్రశ్న ఈమె చిత్రాలకు ప్రధాన వస్తువు. ఈమె ఆ ప్రశ్నను స్వీయ జీవితం నుండే స్వీకరించింది.

బాల్యం, దత్తత

ఈమె దక్షిణ కొరియాలోని గున్సాన్‌లో జన్మించింది. అసలు పేరు కాంగ్ ఓక్ జిన్. పేదరికం వలన కుటుంబసభ్యులు ఈమెను అనాథాశ్రమంలో చేర్చారు. అదే ఆశ్రమంలోని చా జంగ్ హీ అనే బాలికకు కాలిఫోర్నియాకు చెందిన బోర్షే దంపతులు కొంతకాలంగా డబ్బు పంపుతూ, చివరకు ఆమెను దత్తత తీసుకోదలచారు. అయితే అప్పటికే ఆ బాలికను తండ్రి ఇంటికి తీసుకువెళ్ళాడు. ఆశ్రమంవారు ఆమె పేరుతో, ఆమె పత్రాలతో ఓక్ జిన్‌ను 1966లో అమెరికాకు పంపారు. అసలు సంగతి ఎవరికీ చెప్పవద్దని ఎనిమిదేళ్ళ ఆ పిల్లకు బోధించారు.

ఇంగ్లీషు నేర్చుకున్న తరువాత తనకు కొరియాలో తల్లి, తోబుట్టువులు ఉన్నారని ఆమె చెప్పినా, పత్రాలలో అనాథ అని ఉన్నందున పెంపుడు తల్లి దానిని పీడకలగా భావించింది. క్రమంగా ఆమె మాతృభాషను, గతాన్ని మరచిపోయింది. పెద్దయ్యాక దత్తత పత్రాలలో ఒకే పేరుతో ఇద్దరు వేర్వేరు బాలికల ఛాయాచిత్రాలు కనిపించాయి. ఆశ్రమానికి ఉత్తరం వ్రాయగా, కొంతకాలానికి సొంత అన్న నుండి జాబు వచ్చింది.

చిత్రాలు

"ఫస్ట్ పర్సన్ ప్లూరల్" (2000) ఈ కథను చెప్పిన తొలి చిత్రం. సన్‌డాన్స్ చలనచిత్రోత్సవంలో ప్రదర్శింపబడి, అదే సంవత్సరం అమెరికాలో పి.బి.ఎస్. టెలివిజన్‌లో ప్రసారమైంది. ఈ పేరుకు ఉత్తమ పురుష బహువచనం అని అర్థం. తెలుగులో దానికి "మేము", "మనము" అని రెండు రూపాలున్నాయి; ఇంగ్లీషులో ఉన్నది ఒక్కటే. ఆ ఒక్క మాటలో రెండు కుటుంబాలూ ఇముడుతాయా అన్నదే ఈ చిత్రంలోని సంఘర్షణ. తన మనసులో ఇద్దరు తల్లులకు చోటు లేకపోయిందని దర్శకురాలు ఇందులో చెబుతుంది. పెంపుడు తల్లిదండ్రులను కొరియాకు తీసుకువెళ్ళి కన్నతల్లి ఎదుట కూర్చోబెట్టిన సన్నివేశం చిత్రానికి ఆయువుపట్టు.

"ఇన్ ద మ్యాటర్ ఆఫ్ చా జంగ్ హీ" (2010)లో, ఎవరి పేరుతో తాను అమెరికా చేరిందో ఆ స్త్రీ కోసం వెదకుతూ, అదే పేరు గల పలువురిని కలుసుకుంటుంది. "మెమరీ ఆఫ్ ఫర్గాటెన్ వార్" (2013, రామ్‌సే లీమ్‌తో కలిసి) కొరియా యుద్ధాన్ని చవిచూసినవారి జ్ఞాపకాలను నమోదు చేసింది. "జియోగ్రఫీస్ ఆఫ్ కిన్‌షిప్" (2019) ఇతర కొరియా దత్తపుత్రుల అనుభవాలను చిత్రించింది. "క్రాసింగ్స్" (2021)కు 2015లో మహిళా శాంతి బృందం ఉభయ కొరియాల సరిహద్దును దాటిన యాత్ర ఇతివృత్తం.

చారిత్రక నేపథ్యం

కొరియా యుద్ధం (1950–53) తరువాతి దశాబ్దాలలో ఆ దేశం నుండి సుమారు 2,00,000 మంది పిల్లలు విదేశాలకు దత్తత వెళ్ళినట్లు అంచనా. తల్లిదండ్రులున్న పిల్లలను అనాథలుగా నమోదు చేయడం, ఒకరి బదులు మరొకరిని పంపడం వంటి అక్రమాలు జరిగాయని దక్షిణ కొరియా సత్యశోధన, సయోధ్య సంఘం 2025 మార్చిలో ప్రకటించి, ప్రభుత్వం క్షమాపణ చెప్పాలని సిఫారసు చేసింది. బోర్షే లీమ్ తొలి చిత్రం వెలువడి అప్పటికి 25 సంవత్సరాలు.