ముద్దుపళనిని మనకు దక్కించిన నాగరత్నమ్మ

తిరువయ్యారులో త్యాగరాజస్వామి సమాధికి ఎదురుగా చేతులు జోడించి కూర్చున్న ఒక స్త్రీ విగ్రహాన్ని మన సభ్యులలో కొందరు చూచే ఉంటారు. ఆమె బెంగుళూరు నాగరత్నమ్మ (1878–1952). దేవదాసీ కుటుంబంలో పుట్టి, ఆటపాటలతో పేరు, ధనం గడించిన విదుషీమణి. శిథిలమై పడివున్న స్వామి సమాధి కోసం తాను కూడబెట్టినదంతా వెచ్చించి మందిరం కట్టించి, 1925లో కుంభాభిషేకం జరిపించారు. ఈ సంగతి అందరికీ తెలిసినదే. తెలుగు సాహిత్యానికి ఆమె చేసిన మేలు తెలిసినవారు మాత్రం తక్కువ.

తంజావూరును ప్రతాపసింహుడు పాలించిన కాలంలో (1739–1763) ముద్దుపళని అనే ఆస్థాన విదుషి ‘రాధికా సాంత్వనము’ అనే శృంగార ప్రబంధం వ్రాసింది. 4 ఆశ్వాసాలు, 584 పద్యాలు. 1887లో ఇది అచ్చయినప్పుడు కొన్ని పద్యాలను తొలగించారు. కవయిత్రి తన కుటుంబాన్ని గురించి చెప్పుకొన్న పీఠిక కూడా అందులో లేదు. అంటే పుస్తకం మిగిలింది గాని, వ్రాసిన మనిషి వివరం పోయింది!

నాగరత్నమ్మ గారు వ్రాతప్రతి సంపాదించి, అచ్చుప్రతితో సరిచూచి, పూర్తి పాఠాన్ని 1910లో వావిళ్ళ వారి ద్వారా ప్రకటించారు. ఆ గ్రంథంలో స్త్రీ నోట రాకూడని మాటలున్నవని కందుకూరి వీరేశలింగం పంతులు గారు లోగడ ఆక్షేపించి ఉన్నారు. సిగ్గు అనేది ఆడవారికే గాని మగవారికి అక్కరలేదా అని ఆమె తన పీఠికలో సూటిగా అడిగారు. అంతటి పెద్దాయనను ఆ రోజుల్లో ఒక దేవదాసి ప్రశ్నించడం సామాన్య విషయం కాదు.

కొద్దికాలానికే ఫిర్యాదులు వెళ్ళాయి. ప్రభుత్వ అనువాదకుడు అభ్యంతరకరమైన పద్యాలను ఎత్తిచూపగా, పోలీసులు ప్రతులను స్వాధీనం చేసుకున్నారు. పండితుల అర్జీలు ఫలించలేదు. కచేరీలలో తలనెరసిన మనకు ఒక సంగతి తెలుసు. ఉత్తర్వు పుట్టడానికి ఒక్క సంతకం చాలు, అది రద్దు కావడానికి ఒక తరం పడుతుంది. టంగుటూరి ప్రకాశం పంతులు గారి చొరవతో 1947లో నిషేధం తొలగింది. అప్పటికి నాగరత్నమ్మ గారికి డెబ్భై ఏళ్ళు దగ్గరపడ్డాయి. ఆ శుభవార్త వినడానికి ఆమె బ్రతికి ఉండటం మన అదృష్టం.

దీనితో మన ప్రాంతానికేమి సంబంధమని అడగవచ్చు. 1514లో ఉదయగిరి దుర్గాన్ని జయించిన శ్రీకృష్ణదేవరాయలు ఇక్కడి బాలకృష్ణ విగ్రహాన్ని హంపికి తరలించి, గుడి కట్టించి ప్రతిష్ఠించాడు. ఆ విగ్రహం ఇప్పుడు చెన్నై మ్యూజియంలో ఉన్నది. అది రాతి విగ్రహం కనుక ఇన్ని చేతులు మారినా నిలిచింది. తాటాకుకు, పాత కాగితానికి అంత ఆయుష్షు లేదు. ఎవరో ఒకరు పూనుకొని మళ్ళీ వ్రాస్తేనే, మళ్ళీ అచ్చు వేస్తేనే అవి బ్రతుకుతాయి.

ఉదయగిరి, ఆత్మకూరు ప్రాంతాల పాత ఇళ్ళలో అటకల మీద తాటాకు కట్టలు, తాతలనాటి అచ్చు పుస్తకాలు ఇంకా ఉండవచ్చు. ఇల్లు సర్దేటప్పుడు వాటిని పాత కాగితాలవానికి తూకానికి వేయవద్దని పిల్లలకు చెప్పండి. చదువను తెలిసిన వారికొకసారి చూపించండి. నాగరత్నమ్మ గారు ఆనాడు ఆ ఒక్క వ్రాతప్రతిని వెదకి ఉండకపోతే, ముద్దుపళని ఎవరి బిడ్డో ఈనాడు మనకు తెలిసి ఉండేది కాదు.