నెబ్రాస్కా ఫర్నిచర్ మార్ట్

నెబ్రాస్కా ఫర్నిచర్ మార్ట్ అమెరికా సంయుక్త రాష్ట్రాలలోని ఒమాహా నగరం (నెబ్రాస్కా రాష్ట్రం) కేంద్రంగా గల ఫర్నిచర్ చిల్లర వ్యాపార సంస్థ. దీనిని 1937లో రోజ్ బ్లమ్‌కిన్ స్థాపించింది. బడి ముఖం చూడని ఒక వలస మహిళ నేలమాళిగలో ఆరంభించిన ఈ దుకాణం, స్వల్ప లాభానికి ఎక్కువ సరుకు అమ్మడం ద్వారా ఆ ప్రాంతమంతటా పేరు గడించింది. 1983 నుండి ఇది బర్క్‌షైర్ హాత్‌వే సంస్థ అధీనంలో ఉన్నది.

స్థాపకురాలు

రోజ్ బ్లమ్‌కిన్ 1893 డిసెంబరు 3న నాటి రష్యా సామ్రాజ్యంలో, మిన్‌స్క్ సమీపాన (నేటి బెలారస్) ఒక పేద యూదు కుటుంబంలో జన్మించింది. తల్లి చిన్న కిరాణా దుకాణం నడిపేది. సైన్యంలో నిర్బంధ చేరికను తప్పించుకొనుటకు భర్త ఇసడోర్ ముందుగా అమెరికా చేరగా, ఆమె 1917లో సైబీరియా, చైనా, జపాన్‌ల మీదుగా ప్రయాణించి అతనిని కలిసింది. కొంతకాలానికి వారు ఒమాహాలో స్థిరపడ్డారు. ఆమెకు ఆంగ్లం చదవడం, వ్రాయడం రాదు. అయినను గది కొలతలు చెప్పగానే తివాచీ వెల ఎంతో నోటిలెక్కతో చెప్పగలిగేది.

ఆరంభం, వ్యాపార విధానం

500 డాలర్ల పెట్టుబడితో దుకాణం మొదలైంది. సరుకు పంపినవారి బాకీ తీర్చలేని పరిస్థితిలో ఆమె తన ఇంటిలోని సామానునే అమ్మి మాట నిలబెట్టుకున్నది. చౌకగా అమ్మాలి, నిజం చెప్పాలి అన్నవి ఆమె సూత్రాలు. కొన్న ధరపై సుమారు 10 శాతమే లాభం వేసుకొనేది.

ఇందువలన ఇతర వర్తకులకు నష్టం కలిగింది. వారి ఒత్తిడితో పలువురు తయారీదారులు ఆమెకు సరుకు ఇవ్వడం మానివేశారు. ఆమె ఇతర నగరాల నుండి సరుకు తెప్పించి అమ్మసాగింది. ఇతర దుకాణాలలో గజం 7.95 డాలర్లు పలికే తివాచీని 3 డాలర్లకు కొని, 3.95కు అమ్మినందుకు ఆమెపై దావా పడింది. ఆ ధరకు అమ్మినను తనకు లాభమే మిగులుతున్నదని ఆమె వాదించింది. న్యాయమూర్తి దావా కొట్టివేయడమే కాక, మరునాడు వచ్చి ఆమె వద్దనే 1,400 డాలర్ల తివాచీ కొన్నాడు.

కష్టకాలం

1950లో కొరియా యుద్ధకాలంలో అమ్మకాలు తగ్గి అప్పులు పెరిగాయి. ఆమె ఒక బ్యాంకు అధికారి వద్ద 50,000 డాలర్లు అప్పు తీసుకొని, నగర సభామందిరాన్ని అద్దెకు తీసుకొని మూడు దినాల అమ్మకం జరిపింది. సుమారు 2,50,000 డాలర్ల సరుకు అమ్ముడుపోయి, అప్పులు తీరాయి. 1975 మే 6న టోర్నడో ఆమె దుకాణాన్ని కూల్చివేయగా, దానిని తిరిగి నిర్మించారు.

అమ్మకం, చీలిక

1983లో వారెన్ బఫెట్ నాయకత్వంలోని బర్క్‌షైర్ హాత్‌వే ఈ వ్యాపారంలో అధిక భాగాన్ని సుమారు 5.5 కోట్ల డాలర్లకు కొన్నది. లెక్కల తనిఖీ గాని, సరుకు లెక్కింపు గాని జరుగలేదు. ఆమె మాటనే నమ్మి క్లుప్తమైన ఒప్పందం వ్రాసుకున్నారు. ఆమె పోటీ వ్యాపారం చేయరాదన్న షరతు మాత్రం అందులో లేదు.

1989లో మనుమలతో విభేదించి, 95 ఏళ్ళ వయసులో ఆమె ఎదురుగానే మరొక దుకాణం తెరిచింది. అది కూడా లాభాల బాట పట్టింది. 1992లో రాజీ కుదిరి, బర్క్‌షైర్ ఆ దుకాణాన్ని కూడా కొన్నది. ఈసారి ఒప్పందంలో పోటీ నిషేధ షరతు చేర్చారు.

తరువాతి చరిత్ర

ఆమె 1998 ఆగస్టులో 104 ఏళ్ళ వయసులో మరణించింది. ఒమాహాలోని రోజ్ థియేటర్ ఆమె పేరున వెలసినదే. సంస్థ 2003లో కాన్సాస్ రాష్ట్రంలోని కాన్సాస్ సిటీలోను, 2015లో టెక్సాస్‌లో డల్లాస్ సమీపానగల ద కాలనీ పట్టణంలోను పెద్ద దుకాణాలను తెరిచింది.