మూసీ వంతెనలు, హైదరాబాద్ బస్తీలు

హైదరాబాద్ కంటే దాని మొదటి వంతెన పదమూడేళ్లు పెద్దది. ఇబ్రహీం కుతుబ్‌షా హయాంలో 1578లో మూసీ నది మీద పురానాపూల్ కట్టారు. చార్మినార్ చుట్టూ నగరం వెలసింది 1591లో. యువరాజు, భాగమతిల ప్రేమకథ ఈ వంతెనకు బాగా అతుక్కుపోయింది గానీ, ఇరుకైపోయిన గోల్కొండకూ, వర్తకుల బిడారులు దిగే కార్వాన్‌కూ అవతలి ఒడ్డు అక్కరకొచ్చిందన్నదే నమ్మదగిన మాట. ఇప్పుడు పెద్ద బండ్లు పక్కనున్న కొత్త వంతెన మీదుగా పోతాయి. పాత కమానుల మీద మాత్రం టమాటాలు, ఆకుకూరలు కుప్పలు పోసుకుని బేరాలు సాగుతుంటాయి. దారిగా పుట్టి అంగడిగా మారిన వంతెన ఇది.

1831లో కట్టిన చాదర్‌ఘాట్ వంతెన పాతబస్తీని కోఠిలోని బ్రిటిష్ రెసిడెన్సీతో కలిపింది. రెసిడెన్సీ బజార్లలో నిజాం అధికారం కాక ఆంగ్లేయులది చెల్లేది. అందుకే సాహుకార్లు అక్కడ దుకాణాలు తెరిచారు. నవాబుల దేవిడీలు నదికి ఒక పక్క, వాళ్లకు అప్పులిచ్చేవాళ్లు మరో పక్క. నేటి సుల్తాన్‌బజార్ ఆ బజార్ల వారసత్వమే. అయిదో నిజాం అఫ్జలుద్దౌలా పేర వెలసిన అఫ్జల్‌గంజ్ కూడా అలాగే నయాపూల్ (అఫ్జల్‌గంజ్ వంతెన) దగ్గర ఎదిగిన ధాన్యపు గంజ్.

1908 సెప్టెంబరు 28న వచ్చిన వరద అఫ్జల్‌గంజ్, ముస్లింజంగ్, చాదర్‌ఘాట్ వంతెనలను తెంచేసింది. రెండు ఒడ్లకూ పురానాపూల్ ఒక్కటే దిక్కయింది. ఆ తర్వాత అలాంటి వరదలను అడ్డుకునేందుకు ఇంజనీరు మోక్షగుండం విశ్వేశ్వరయ్య సలహా మీద ఎగువన ఉస్మాన్‌సాగర్ (1920), హిమాయత్‌సాగర్ (1927) కట్టారు. నయాపూల్ దగ్గర దక్షిణపు ఒడ్డున హైకోర్టు, ఉత్తరాన ఉస్మానియా ఆసుపత్రి లేచాయి.

ఆ జలాశయాల గేట్లు ఎత్తినప్పుడల్లా వంతెన ఎత్తు ఎంతన్నది బస్తీ సమస్య అవుతుంది. పెద్ద వంతెనల మీద రాకపోకలు సాగిపోతుంటే, చాదర్‌ఘాట్ దగ్గరి లోలెవెల్ కాజ్‌వేకు మాత్రం పోలీసులు బారికేడ్లు అడ్డంపెడతారు. పక్కనే నది ఒడ్డున ఉన్న మూసానగర్, శంకర్‌నగర్ జనం సామాన్లు సర్దుకుని పునరావాస కేంద్రాలకు వెళ్తారు. 2020 అక్టోబరు వరదల్లో మూసారాంబాగ్ లోలెవెల్ వంతెన మునిగింది. కూతవేటు దూరంలో ఉన్న అంబర్‌పేట నుంచి మలక్‌పేటకు పోవాలన్నా చుట్టు తిరిగి వెళ్లాల్సి వచ్చింది.