పురిటిగది నుంచి కోర్టు బోను దాకా



పురిటిమంచం దగ్గర మన పెద్దవాళ్ళు పాటించే పట్టింపులు మీకు తెలియనివి కావు. తలగడ కింద ఇనుపముక్క పెడతారు, గుమ్మానికి వేపమండ కడతారు. నమ్మేవాళ్ళు నమ్ముతారు, లేనివాళ్ళు ఊరుకుంటారు. నాలుగు వందల ఏళ్ళ కిందట స్కాట్లండులో మాత్రం ఇలాంటి పట్టింపే ఒక జడ్జిగారి అమ్మాయి మీద నేరంగా నమోదైంది.

ఆమె పేరు యూఫేమ్ మెకాల్యన్. తండ్రి ఎడింబరోలో పెద్ద న్యాయమూర్తి. ఆస్తి అంతా కూతురికే. భర్త పాట్రిక్ కూడా కలిగినవాడే, అయినా పెళ్ళయ్యాక భార్య ఇంటిపేరే పెట్టుకున్నాడు. మన ఇల్లరికం లాంటిదే అనుకోండి!

అప్పటి రాజు ఆరవ జేమ్స్. 1589లో డెన్మార్కు రాకుమారి ఆన్ పెళ్ళికూతురుగా ఓడెక్కితే తుఫానులు ఆమెను నార్వేకి నెట్టేశాయి. రాజు తానే వెళ్ళి, అక్కడే పెళ్ళాడి, 1590 మే నెలలో భార్యతో తిరిగి వచ్చాడు. ఆ తుఫానులు ఎవరో మంత్రగత్తెలు లేపినవని ముందు డెన్మార్కులో అన్నారు. తరవాత ఆ మాట స్కాట్లండుకీ పాకింది. చేతబడికి మరణశిక్ష అక్కడ 1563 నుంచీ చట్టంలో ఉండనే ఉంది.

మొదట దొరికింది గీలిస్ డంకన్ అనే పనిపిల్ల. రోగులకు నయం చేస్తోందని యజమానికి అనుమానం వచ్చి, వేళ్ళు నలిపించి పేర్లు చెప్పించాడు. తరవాత ఆగ్నెస్ సాంప్సన్ అనే మంత్రసాని. (మన మాటలోనూ మంత్రం ఉంది చూడండి!) ఆమెను హోలీరూడ్ రాజభవనంలో రాజు స్వయంగా ప్రశ్నించాడు. 1591 జనవరిలో ఆమెను చంపేశారు.

ఆగ్నెస్ దగ్గర సాయం పొందిందన్నదే యూఫేమ్ మీద వచ్చిన ఆరోపణల్లో ఒకటి. పురిటినొప్పులు తగ్గడానికి తలగడ కింద ఒక రాయి పెట్టుకుందిట, కాగితంలో పొడి చుట్టి జుట్టుకు కట్టుకుందిట, భర్త చొక్కా మంచం కింద పెట్టించిందిట. నొప్పి భరించలేని తల్లి ఏం చెయ్యదు చెప్పండి? దానికి తోడు రాజు ప్రాణం తియ్యడానికి కుట్ర చేసిందన్నారు. అది రాజద్రోహం. రాజద్రోహం రుజువైతే ప్రాణమే కాదు, భూములూ పోతాయి.

ఆమె తరఫున పేరున్న వకీళ్ళు నిలబడ్డారు. అయితే కొద్దిరోజుల ముందే మరో సంగతి జరిగింది. బార్బరా నేపియర్ అనే స్త్రీని జూరీవాళ్ళు కొన్ని ఆరోపణల నుంచి విడిచిపెడితే రాజుకు కోపం వచ్చి, ఆ జూరీవాళ్ళ మీదే కేసు పెట్టించాడు. 1591 జూన్ 7న కోర్టుకు తానే వచ్చి కూర్చున్నాడు. యూఫేమ్ విచారణ మొదలైంది జూన్ 9న! జూరీ కొన్ని ఆరోపణలు నిలవవంది, కొన్ని నిలిచాయంది. ఆ ధైర్యమైనా చేసిందంటే గొప్పే. మామూలుగా ఇలాంటి వాళ్ళను ముందు గొంతు నులిమి తరవాత దహనం చేసేవారు. యూఫేమ్‌కి ఆ దయ కూడా దక్కలేదు. జూన్ 25న కోట కొండ మీద బతికుండగానే కాల్చారు.

డిసెంబరులో గీలిస్ వంతు వచ్చింది. చావుకి ముందు ఆ పిల్ల, యూఫేమ్ మీదా బార్బరా మీదా తను చెప్పినవి అబద్ధాలని ఒప్పుకుంది.

యూఫేమ్‌కి ముగ్గురు ఆడపిల్లలు. 1592లో పార్లమెంటు వాళ్ళ ఆస్తి వాళ్ళకి తిరిగి ఇప్పించింది, క్లిఫ్టన్‌హాల్ తప్ప. తాతగారిని జనం ఆ ఎస్టేటు పేరుతోనే పిలిచేవారు. దాన్ని రాజు అప్పటికే తనకు ఇష్టుడైన జేమ్స్ శాండిలాండ్స్‌కి రాసి ఇచ్చేశాడు.