దీపా ధన్‌రాజ్

దీపా ధన్‌రాజ్ (జననం: 1953) భారతీయ డాక్యుమెంటరీ చిత్ర దర్శకురాలు, రచయిత్రి, నిర్మాత. స్త్రీలపై హింస, మతకల్లోలాలు, కులవివక్ష, న్యాయం ఈమె చిత్రాలలోని ముఖ్య విషయాలు.

జీవితం

ఈమె హైదరాబాదులో జన్మించింది. మద్రాసులోని విమెన్స్ క్రిస్టియన్ కళాశాలలో ఆంగ్ల సాహిత్యం అభ్యసించింది. భర్త నవ్‌రోజ్ కాంట్రాక్టర్ ఛాయాగ్రాహకుడు. ఈమె చిత్రాలకు పనిచేసిన ఆయన 2023 లో రోడ్డు ప్రమాదంలో మరణించాడు.

యుగాంతర్

1980 లో మిత్రులతో కలిసి 'యుగాంతర్' అనే స్త్రీవాద చలనచిత్ర బృందాన్ని స్థాపించింది. పూణేలోని ఇంటిపనివారిపై 'మోల్‌కరీన్', కర్ణాటకలోని నిపాణీ పొగాకు కార్మిక స్త్రీలపై మరొక చిత్రం ఈ బృందం నిర్మించినవే.

హైదరాబాదులోని స్త్రీశక్తి సంఘటనతో కలిసి 1983 లో తెలుగులో తీసిన 'ఇది కథ మాత్రమేనా' కల్పిత కథాచిత్రం. అత్తవారింట హింసకు గురయ్యే ఒక గృహిణికి స్నేహితురాలు అండగా నిలవడం ఇందులోని ఇతివృత్తం. ఇంటిలోపలి హింసను కుటుంబ విషయమని సమాజం సరిపెట్టుకొనే కాలమది. భర్త, అతని బంధువుల క్రూరత్వాన్ని నేరంగా పరిగణించే 498ఎ సెక్షను భారత శిక్షాస్మృతిలో చేరినది కూడా ఆ సంవత్సరమే.

ఇతర ముఖ్య చిత్రాలు

1984 లో హైదరాబాదులో జరిగిన మతకల్లోలాలపై తీసిన 'క్యా హువా ఇస్ షహర్ కో' (1986) బాధితుల మాటలను, రాజకీయ నాయకుల ప్రసంగాలను ప్రక్కప్రక్కన చూపుతుంది. అల్లర్లు ఆకస్మికంగా పుట్టినవి కావని, వాటి వెనుక రాజకీయ ప్రయోజనాలున్నవని ఈ చిత్రం వాదిస్తుంది.

'సమ్‌థింగ్ లైక్ ఎ వార్' (1991) కుటుంబ నియంత్రణ కార్యక్రమం పేద స్త్రీల శరీరాలపై సాగించిన నిర్బంధాన్ని చిత్రించింది. 'ది అడ్వొకేట్' (2007) పౌరహక్కుల న్యాయవాది కె.జి. కన్నబిరాన్ జీవితచిత్రం. 'ఇన్‌వోకింగ్ జస్టిస్' (2011) తమిళనాడులో ముస్లిం స్త్రీలు తామే స్థాపించుకున్న జమాత్ గురించినది. పురుషులు మాత్రమే తీర్పు చెప్పే సంప్రదాయ జమాత్‌లలో తమ మాట వినిపించే అవకాశం లేనందున వారు ఈ మార్గం ఎంచుకున్నారు.

హైదరాబాదు విశ్వవిద్యాలయ పరిశోధక విద్యార్థి రోహిత్ వేముల 2016 జనవరి 17 న ఆత్మహత్య చేసుకున్న తరువాత చెలరేగిన విద్యార్థి ఉద్యమాన్ని 'వి హావ్ నాట్ కమ్ హియర్ టు డై' (2018) నమోదు చేసింది.

ప్రత్యేకత

ఈమె చిత్రాలలో నేరం ఒక వ్యక్తి చేసిన తప్పుగా మాత్రమే కనిపించదు. ఆ తప్పుకు చోటిచ్చిన కుటుంబం, కులం, ప్రభుత్వ యంత్రాంగం కూడా విచారణకు వస్తాయి. బాధితులు సానుభూతి కోరేవారుగా కాక, స్వయంగా ప్రశ్నించేవారుగా కనిపిస్తారు. యుగాంతర్ చిత్రాలను బెర్లిన్‌లోని ఆర్సెనల్ సంస్థ డిజిటల్ పద్ధతిలో పునరుద్ధరించింది.